డైరెక్షన్, కెమెరా రెండూ నేనే చేసుకోవచ్చా? బాలు మహేంద్ర గారు ఎలా చేశారు?

హన్మకొండ ఫ్రేమ్స్:

అందరికీ నమస్తే. కొంచెం పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి.

నాది హన్మకొండ. ఎనిమిదేళ్లుగా పెళ్లిళ్లు, ప్రీ వెడ్డింగ్ షూట్లు చేస్తున్నాను. సోనీ ఎఫ్ఎక్స్3 కెమెరా సొంతది, మూడు లెన్సులున్నాయి, లైట్లు అవసరాన్ని బట్టి అద్దెకు తెచ్చుకుంటాను. మధ్యలో రెండు చిన్న సినిమాలకు సెకండ్ కెమెరా చేశాను. గత రెండేళ్లుగా రాత్రిళ్లు కూర్చుని ఒక కథ రాసుకున్నాను, గంటన్నర సినిమా అవుతుంది. కాలనీలో కిరాణా కొట్టు నడుపుకునే యాభై ఐదేళ్ల ఆవిడ, కొడుకు దుబాయ్‌లో, ఎదురుగా కొత్త సూపర్ మార్కెట్ తెరుస్తున్నారు, ఆ వారం రోజుల కథ. తొంభై శాతం ఆ కొట్టులోనే జరుగుతుంది. మా పెద్దమ్మకు నిజంగానే అలాంటి కొట్టు ఉంది, షూటింగ్‌కి ఇస్తానంది.

ఇప్పుడు సమస్య ఏంటంటే, కెమెరా నేనే చేస్తాను, డైరెక్షన్ కూడా నేనే అంటే ఒక్కరూ ఒప్పుకోవడం లేదు. డబ్బు పెట్టే స్నేహితుడు "ఏదో ఒకటి పట్టుకో, రెండు పడవల మీద కాళ్లు పెడితే మునుగుతావు" అంటున్నాడు. హైదరాబాద్‌లో నాకు తెలిసిన ఒక డీఓపీ (సినిమా ఛాయాగ్రాహకుడు) కూడా అదే మాట అన్నారు. కానీ వేరే వాళ్లకు కెమెరా ఇవ్వడానికి నాకు మనసొప్పడం లేదు. అహం అనుకోకండి, ఆ కథ నాకు బొమ్మలుగానే వచ్చింది. షట్టర్ సగం దించినప్పుడు లోపల చీకట్లో ఆవిడ చిల్లర లెక్క పెట్టుకునే బొమ్మ నుంచే మొత్తం కథ పుట్టింది.

పోయిన నెల బాలు మహేంద్ర గారి తమిళ సినిమా 'వీడు' (అంటే ఇల్లు) సబ్‌టైటిల్స్‌తో చూశాను. స్క్రీన్‌ప్లే ఆయనే, తీసింది ఆయనే, కెమెరా ఆయనే, ఎడిటింగ్ కూడా ఆయనే. రెండు రోజులు వేరే పని చేయలేకపోయాను. ఆ తర్వాత తెలిసింది, మనం చిన్నప్పటి నుంచి టీవీలో చూస్తున్న 'శంకరాభరణం'కి కెమెరా ఆయనే అని. మరి ఆయన ఎలా చేయగలిగారు? సెట్లో రోజంతా ఎలా గడిచేది? వీటి మీద బతుకు ఎలా వెళ్లింది? తెలిసినవాళ్లు చెప్పండి. ప్రోత్సాహం కోసం అడగడం లేదు, వద్దు అనిపిస్తే వద్దనే చెప్పండి.

పాత మ్యాగజైన్:

తమ్ముడూ, నేను ఎనభైల చివర్లో మద్రాసులో, తర్వాత హైదరాబాద్‌లో కెమెరా అసిస్టెంట్‌గా పనిచేశాను. ఫిల్మ్ పోయేదాకా అదే పని. బాలు మహేంద్ర గారి దగ్గర పని చేసే అదృష్టం నాకు పట్టలేదు. కానీ ఆయన సినిమాలు మా తరం కెమెరా కుర్రాళ్లకు బడి లాంటివి, ఒక్కో షాట్ ఎక్కడ నుంచి వెలుగు వస్తోందో చూడటానికే థియేటర్‌కి మూడుసార్లు వెళ్లిన రోజులున్నాయి.

నువ్వు అడిగిన దాంట్లో మొదట అర్థం చేసుకోవాల్సింది ఒకటుంది. ఆ రోజుల్లో సెట్లో మానిటర్ లేదు. టేక్ నడుస్తున్నప్పుడు ఆ బొమ్మను చూసే మనిషి లోకం మొత్తానికి ఒక్కడే, వ్యూఫైండర్‌లో కన్ను పెట్టినవాడు. డైరెక్టర్ కెమెరా పక్కన నిలబడి నటుణ్ని నేరుగా చూసేవాడు, అంతే. తర్వాత నెగెటివ్ ల్యాబ్‌కి వెళ్లి, కడిగి, ప్రింటు వచ్చాక రషెస్ (తీసిన ముక్కల తొలి ప్రింట్లు) చూస్తే తప్ప ఫ్రేములో ఏం పడిందో ఆయనకు తెలీదు. 'మూండ్రాం పిరై', అదే మన 'వసంత కోకిల', ఊటీలో తీశారు. కొండ మీద ఉండి రషెస్ కోసం ఎదురు చూడటం అంటే ఎలా ఉంటుందో ఊహించుకో. అలాంటప్పుడు డైరెక్టరే వ్యూఫైండర్‌లో ఉంటే, శ్రీదేవి కళ్లు ఎప్పుడు తడి అయ్యాయో, ఏ క్షణాన ఫోకస్ వదిలేశామో, ఆ టేక్ ఓకేనా, పనికిరాదా (ఎన్‌జీయా) అనేది అక్కడికక్కడే తెలిసిపోతుంది. కాబట్టి "రెండు పనులు" అని మీ స్నేహితుడు అంటున్నది ఆ రోజుల్లో ఆయన చేతిలో ఒకే పని, చూడటం. ఆ సినిమాకు కమల్‌కు ఉత్తమ నటుడిగా, బాలు మహేంద్ర గారికి ఉత్తమ ఛాయాగ్రాహకుడిగా జాతీయ అవార్డులు వచ్చాయి. నటన, కెమెరా రెండింటికీ ఒకే సినిమాలో వచ్చాయంటే ఒకదాని కోసం ఇంకోదాన్ని ఆయన పక్కన పెట్టలేదనే కదా.

రెండోది స్టాక్, అంటే కెమెరాలో వేసే ఫిల్మ్. డెబ్బయిల్లో మనకు దొరికే ఈస్ట్‌మన్ కలర్ నెగెటివ్ వేగం, అంటే వెలుతురును పట్టే శక్తి, 100 ఏఎస్ఏ (ఇప్పటి ఐఎస్ఓ లాంటి కొలతే). పగటి వెలుతురులో రంగు సరిచేసే 85 నంబర్ ఫిల్టర్ పెడితే అది 64కి పడిపోయేది. మీరు ఇప్పుడు 12,800 ఐఎస్ఓలో హాయిగా తీస్తున్నారు. అందుకే అప్పట్లో చాలామంది గదిలో నాలుగు వైపుల నుంచి లైట్లు కుమ్మరించి, తర్వాత అందులో నటుల్ని నిలబెట్టేవాళ్లు. ఆయన దారి వేరు. కిటికీ ఎక్కడుందో చూసుకుని, ఆ వెలుతురు ఏ టైములో ఎంత లోపలికి వస్తుందో చూసుకుని, నటుల్ని దాని దగ్గరికి తీసుకెళ్లేవాడు. చాలనప్పుడు తెల్లటి థర్మోకోల్ మీద కొట్టి మెత్తగా తిప్పడమే. ఇది కెమెరామ్యాన్ ఒక్కడే తీసుకోగల నిర్ణయం కాదు, ఎందుకంటే సీను పొద్దున తొమ్మిదికి తీయాలా సాయంత్రం నాలుగుకా, పాత్ర కిటికీ దగ్గర కూర్చుంటుందా పొయ్యి దగ్గరా అన్నది రచనలోనే తేలిపోవాలి. రాసేవాడు, వెలిగించేవాడు ఒకడే అయితే ఈ గొడవే ఉండదు. వేరే డైరెక్టర్‌కు పని చేసేటప్పుడు మేం "సార్, ఈ సీను ఒక గంట ముందుకు జరపండి" అని అడగడానికి ఎంత టెన్షన్ పడేవాళ్లమో నాకు తెలుసు.

మూడోది మర్చిపోకు. ఫిల్మ్ 400 అడుగుల మ్యాగజైన్ (కెమెరాకు తగిలించే ఫిల్మ్ డబ్బా) వేస్తే నాలుగున్నర నిమిషాలు కూడా రాదు. ప్రతి అడుగూ డబ్బే. షాట్ తల్లో పూర్తిగా తయారయ్యాకే స్విచ్ నొక్కేవాళ్లు. నువ్వు పెళ్లిళ్లలో రోజంతా రోల్ చేసే అలవాటులో ఉన్నావు కదా, ఈ సినిమాకి ముందు ఆ అలవాటు మానుకో. ఇది తిట్టడం కాదు, మా అబ్బాయి కూడా అదే పనిలో ఉన్నాడు, వాడికీ ఇదే చెప్తాను.

ఇంతకీ నీ షట్టర్ బొమ్మ గురించి ఒక ప్రశ్న. మీ పెద్దమ్మ కొట్టు ఏ దిక్కుకు ఉంది? షట్టర్ సగం దించితే లోపల ఎంత వెలుతురు మిగులుతుందో, ఎక్కడి దాకా వస్తుందో ఎప్పుడైనా కూర్చుని చూశావా?

కథల డబ్బా:

నేను కొంచెం గట్టిగా అడ్డం చెప్తాను, ఏమనుకోకండి. నేను పదకొండేళ్లుగా ఏడీగా (అసిస్టెంట్ డైరెక్టర్‌గా), కో డైరెక్టర్‌గా చేస్తున్నాను, ఈ మధ్య రాస్తున్నాను కూడా. మీలాగే మొండిగా ఒక ఇరవై రెండు నిమిషాల షార్ట్ ఫిల్మ్‌కి రాత, డైరెక్షన్, కెమెరా మూడూ చేశాను.

కొల్లేరు గట్టు మీద చివరి సీను. కూతురు తండ్రితో "నేను వెళ్లిపోతున్నా నాన్నా" అనాలి. పొద్దు వాలే టైము, ఇరవై నిమిషాలే ఉంది, పక్షులు సరిగ్గా వెనక నుంచి లేచాయి, నీళ్ల మీద వెలుగు నేను కలగన్నట్టే పడింది. కట్ చెప్పగానే యూనిట్ అంతా చప్పట్లు కొట్టారు. ఇంటికొచ్చి ఎడిట్ టేబుల్ మీద వేసి చూస్తే ఆ అమ్మాయి ఆ మాటను పాఠం అప్పజెప్పినట్టు అంది. నాకు అక్కడ వినపడనే లేదు! నా చెవులు ఉన్నాయి, హెడ్‌ఫోన్ కూడా ఉంది, కానీ నా మనసంతా ఎక్స్‌పోజర్ మీద, ఫ్రేము కుడి అంచులో పడుతున్న తాటి చెట్టు మీద ఉంది. మళ్లీ తీద్దామంటే ఆ అమ్మాయి తర్వాతి రోజే పరీక్షలకు వెళ్లిపోయింది. ఆ సినిమా ఇప్పటికీ ఎవరికీ చూపించబుద్ధి కాదు. ఆ అమ్మాయి తప్పేం లేదు, తనకు ఒక్క మాట చెప్పి ఉంటే బ్రహ్మాండంగా చేసేది. చెప్పాల్సిన మనిషి కెమెరా వెనక చెట్టును చూసుకుంటోంది.

పాత మ్యాగజైన్ గారు చెప్పింది కాదనను, వ్యూఫైండర్‌లో ఉన్నవాడే అన్నీ చూస్తాడు. కానీ బాలు మహేంద్ర గారు ఆ స్థితికి వచ్చేసరికి కెమెరా ఆయనకు ఊపిరి తీసుకున్నంత సహజమైపోయింది, దాని గురించి ఆలోచించాల్సిన పని లేదు. డైరెక్షన్ మొదలుపెట్టేనాటికి ఎన్నేళ్లు వేరేవాళ్ల సినిమాలు షూట్ చేశారో చూడండి.

మన దగ్గర ఉదాహరణలు కూడా రెండు రకాలుగా ఉన్నాయి. తేజ గారు కెమెరామ్యాన్‌గా పేరు తెచ్చుకున్న మనిషి, కానీ 2000లో 'చిత్రం' తీసినప్పుడు కెమెరా రసూల్ ఎల్లోర్ గారి చేతికి ఇచ్చారు. కెమెరా తెలిసిన మనిషే అది పక్కన పెట్టి కొత్త పిల్లల ముందు కూర్చున్నాడు. ఆ సినిమాలో హీరో హీరోయిన్లు కొత్తవాళ్లే కదా, వాళ్లకు పక్కన మనిషి కావాలి. రెండో రకం కార్తీక్ ఘట్టమనేని గారు. 2015లో 'సూర్య వర్సెస్ సూర్య'కి డైరెక్షన్, కెమెరా రెండూ ఆయనవే. ఆ తర్వాత 'ప్రేమమ్', 'కార్తికేయ 2' లాంటి సినిమాలకు కెమెరామ్యాన్‌గా వెళ్లారు, మళ్లీ డైరెక్టర్‌గా 'ఈగల్' వచ్చేసరికి 2024. మధ్యలో తొమ్మిదేళ్లు. తర్వాత 2025లో 'మిరాయ్' రెండూ తనే. అంటే కుదరదని కాదు, ఆ తొమ్మిదేళ్లు చేతిలో కెమెరా పని ఉంది కాబట్టి నిలబడ్డారు అని నా లెక్క.

మీ హీరోయిన్ యాభై ఐదేళ్ల ఆవిడ అన్నారు. రంగస్థలం నుంచి వచ్చే నటా, మీ పెద్దమ్మేనా? దాన్ని బట్టే నా సమాధానం మారుతుంది. నటన కొత్త అయిన మనిషైతే దయచేసి కెమెరా ఇంకొకరికి ఇచ్చి ఆవిడ పక్కన కూర్చోండి.

హన్మకొండ ఫ్రేమ్స్:

ఇంత వివరంగా రాసినందుకు ఇద్దరికీ చాలా థ్యాంక్స్. అక్కా, మీ కొల్లేరు సంగతి చదివి ఒక్కసారిగా భయం వేసింది, ఎందుకంటే పెళ్లిళ్లలో నాకూ అలాగే జరుగుతుంది. అప్పగింతల్లో ఫ్రేము బాగా వచ్చిందని మురిసిపోయి ఇంటికొచ్చాక చూస్తే అమ్మాయి వాళ్ల నాన్న ఏదో అంటున్నాడు, అది నేను విననే లేదు. హీరోయిన్‌గా వరంగల్‌లో ముప్పై ఏళ్లుగా నాటకాలు వేస్తున్న ఒకావిడ ఒప్పుకున్నారు. కెమెరా ముందు మాత్రం కొత్త.

అన్నా, కొట్టు పడమర ముఖం. షట్టర్ దించి కూర్చుని చూడలేదు, నిజమే. ఊహలోనే రాసుకున్నాను. ఈ ఆదివారం వెళ్తాను.

ఇంకో ప్రశ్న, డబ్బు గురించి. బాలు మహేంద్ర గారు 'వీడు' లాంటివి తీసి ఎలా బతికారు? పాటలు లేవు, పెద్ద హీరో లేడు. నేను ఈ సినిమా కోసం ఒక పెళ్లిళ్ల సీజన్ వదులుకోవాలి, అది మా ఇంట్లో చిన్న విషయం కాదు.

అచ్చర వెలుగు:

బాలు మహేంద్ర గారి గురించి నేను ఎప్పటి నుంచో కుదిరినంత సేకరించుకుంటున్నాను, చెన్నైలో ఉద్యోగం కాబట్టి ఆయన మాట్లాడిన సభలు కొన్ని విన్నాను కూడా. డబ్బు ప్రశ్నకు సమాధానం ఆయన జీవితంలోనే ఉంది, కొంచెం మొదటి నుంచి చెప్తాను.

పుట్టింది 1939లో శ్రీలంకలో, మట్టకళప్పు దగ్గర అమృతకళి అనే ఊళ్లో. చిన్నప్పుడు స్కూలు పిల్లలతో వెళ్లి 'ద బ్రిడ్జ్ ఆన్ ద రివర్ క్వాయ్' షూటింగ్ చూశారు, అది శ్రీలంకలోనే తీశారు. డైరెక్టర్ డేవిడ్ లీన్ 'వాన' అని గట్టిగా అనగానే వాన కురిసిందట, ఆ రోజే డైరెక్టర్ అవ్వాలనుకున్నానని ఆయనే చెప్పుకునేవారు. గమనించండి, ఆయన కోరిక మొదటి నుంచీ డైరెక్షనే. పుణె ఇన్‌స్టిట్యూట్‌లో మాత్రం కెమెరా కోర్సు చేశారు, 1969లో గోల్డ్ మెడల్‌తో బయటికొచ్చారు.

అక్కడ నుంచి సొంత సినిమా దాకా ఎనిమిదేళ్లు. రాము కరియాట్ గారి 'నెల్లు', 1974, వయనాడ్ అడవుల్లో తీసింది, దానికి కేరళ రాష్ట్ర అవార్డు. భరతన్ గారి మొదటి సినిమా 'ప్రయాణం' కెమెరా ఈయనే. ఇలా మలయాళంలో వరసగా చేసి చేసి 1977లో 'కోకిల' తీశారు. అది కన్నడం! తమిళ మనిషి, మలయాళంలో పేరు తెచ్చుకుని, మొదటి సినిమా కన్నడంలో, అదీ బ్లాక్ అండ్ వైట్‌లో. మద్రాసులో బాగా ఆడింది, కెమెరాకు జాతీయ అవార్డు తెచ్చింది.

ఇప్పుడు అసలు విషయం. డైరెక్టర్ అయిపోయాను కదా అని ఆయన వేరేవాళ్లకు కెమెరా పట్టుకోవడం ఆపలేదు. 'కోకిల' తర్వాతే 1978లో బాపు గారి 'మన ఊరి పాండవులు', అదే ఏడాది తమిళంలో మహేంద్రన్ గారి మొదటి సినిమా 'ముళ్ళుం మలరుం'. తర్వాత విశ్వనాథ్ గారి 'శంకరాభరణం', 1980 ఫిబ్రవరిలో వచ్చింది. 1983లో మణిరత్నం మొదటి సినిమా 'పల్లవి అనుపల్లవి'. అప్పటికి 'మూండ్రాం పిరై' వచ్చి సూపర్ హిట్ అయిపోయింది, అయినా ఒక కొత్త కుర్రాడి మొదటి సినిమాకు వెళ్లి కెమెరా చేశారు. బాపు గారి ఫ్రేము, విశ్వనాథ్ గారి ఫ్రేము ఒకదానికొకటి సంబంధం లేనివి, రెండింటికీ పని చేసిన మనిషి తన సినిమాలో ఎవరిలానూ తీయలేదు. నా ఉద్దేశం, వేరేవాళ్ల సినిమాలు ఆయనకు కూడూ పెట్టాయి, చదువూ చెప్పాయి. హన్మకొండ బ్రదర్, మీ పెళ్లిళ్ల పని కూడా అదే. సీజన్ మొత్తం వదులుకోకండి, ముహూర్తాలు లేని రోజులు చూసుకుని షెడ్యూలు వేయండి, మూఢాలు ఉంటాయి, ఆషాఢం ఉంటుంది.

ఇంకోటి, ఆయన తన పనినే ఇంకో భాషకు తీసుకెళ్లేవారు. 'మూండ్రాం పిరై' 1983లో హిందీలో 'సద్మా' అయింది, అదీ తనే తీశారు. 1993 నాటి 'మరుపడియుం' మహేశ్ భట్ గారి 'అర్థ్'కి రీమేక్. సినిమాలు తగ్గినప్పుడు టీవీకి వెళ్లారు, సన్ టీవీలో కథల సిరీస్ తీశారు, ఒక్కో వారం ఒక్కో చిన్న కథ. వెట్రిమారన్ ఆ రోజుల్లోనే ఆయన దగ్గర చేరాడు. రోజుకొక కథ చదివి సారాంశం రాయమని అసిస్టెంట్లతో చేయించేవారని ఆయన శిష్యులు చెప్తుంటారు. కెమెరా అంటే అంత పిచ్చి ఉన్న మనిషి అసిస్టెంట్ల చేత చదివించింది సాహిత్యం. బాల, రామ్, శీను రామసామి అందరూ ఆ ఇంట్లోంచి వచ్చినవాళ్లే.

ఇక 'వీడు'. ఇల్లు కట్టుకునేటప్పుడు తన తల్లిలో వచ్చిన మార్పు చిన్నప్పుడు చూశారట, ఆ సినిమాకి మూలం అదే. మన భానుచందర్, అర్చన, అంటే 'నిరీక్షణ' జంటే. పాటలు లేవు, ఇళయరాజా గారి 'హౌ టు నేమ్ ఇట్' ఆల్బమ్‌లోంచి సంగీతం తీసుకున్నారు. తాత పాత్ర వేసిన చొక్కలింగ భాగవతార్ సగం కట్టిన ఇంటికి ఒక్కడే గొడుగు పట్టుకుని వచ్చి గోడలు తడుముకుంటూ తిరిగే సీను ఉంది కదా, అందులో ఒక్క డైలాగూ అక్కర్లేదు. తర్వాత ఏడాది 'సంధ్యారాగం'లో ఆ ముసలాయన్నే ముఖ్యపాత్రకు తీసుకున్నారు. 'వీడు'కి అర్చనకు ఉత్తమ నటి జాతీయ అవార్డు వచ్చింది, మరుసటి ఏడాది మన బి. నర్సింగరావు గారి 'దాసి'కి మళ్లీ ఆవిడకే వచ్చింది. నటుల్ని పట్టించుకోని కెమెరామ్యాన్ డైరెక్టర్ అయితే ఈ ఫలితం రాదు, కథల డబ్బా గారి భయానికి నా జవాబు ఇది.

ఒక్కటి మాత్రం బాధగా చెప్తున్నాను. చివరి రోజుల్లో ఆయన సభల్లో పదే పదే అడిగింది సినిమాలు భద్రపరిచే ఆర్కైవ్ కావాలని. 'వీడు'తో సహా తన సినిమాలు కొన్నింటికి నెగెటివ్‌లే మిగల్లేదని చెప్పుకుని బాధపడ్డారు. అంత జాగ్రత్తగా వెలిగించిన ప్రతి ఫ్రేముకూ అసలు పోయింది. ఇప్పుడు యూట్యూబ్‌లో మనం చూస్తున్నది అరిగిపోయిన కాపీ. మీ సినిమా మూడు వేర్వేరు హార్డ్ డిస్కుల్లో, మూడు వేర్వేరు ఇళ్లలో పెట్టండి. ఇది డబ్బు కంటే ముఖ్యం.

డెబ్బై దాటాక 2013లో 'తలైమురైగళ్' డిజిటల్ కెమెరాతో తీశారు, అందులో తాతగా తనే నటించారు, చిన్న యూనిట్. మరుసటి ఫిబ్రవరిలో పోయారు.

అట్లాంటా స్లేట్:

ఇక్కడ సెకండ్ అసిస్టెంట్ కెమెరాగా చేస్తున్నాను, నాలుగేళ్లయింది. చిన్న విషయమే. ఇక్కడ పెద్ద సినిమాల్లో కూడా ఇలా చేసేవాళ్లున్నారు. స్టీవెన్ సోడర్‌బర్గ్ 'ట్రాఫిక్' నుంచి తన సినిమాలు చాలావాటికి తనే కెమెరా చేసుకుంటాడు, టైటిల్స్‌లో మాత్రం పీటర్ ఆండ్రూస్ అని ఉంటుంది, అది ఆయన తండ్రి పేరులోంచి తీసుకున్నది. ఎడిటింగ్‌కి తల్లి పేరు వాడతాడు. అల్ఫోన్సో క్వారోన్ 'రోమా'కి తన పాత కెమెరామ్యాన్‌కు తేదీలు కుదరక తనే కెమెరా పట్టుకుని డైరెక్షన్‌కీ కెమెరాకీ రెండింటికీ ఆస్కార్ తీసుకున్నాడు.

కానీ వాళ్లెవరూ ఒంటరిగా చేయలేదు. ఫోకస్‌కు ఒకరు (ఫోకస్ పుల్లర్), లైట్లకు గాఫర్, కెమెరా సామాను బిగించే గ్రిప్ టీమ్, అందరూ ఏళ్ల తరబడి కలిసి పని చేసినవాళ్లు. డైరెక్టర్ నోట్లోంచి మాట రాకముందే లైటు కదులుతుంది. మీరు అన్నీ మీరే చేస్తానంటున్నారు గానీ మీ ఫోకస్ పుల్లర్ ఎవరు, అసోసియేట్ ఎవరు అన్నది రాయలేదు. ఆటో ఫోకస్ మీద మాత్రం ఆధారపడకండి, కొట్టులో తూకం గొలుసులు, చిప్స్ ప్యాకెట్ల దండలు వేలాడుతుంటాయి, ముఖం వదిలేసి వాటి మీదికి పోతుంది.

పాత మ్యాగజైన్:

అట్లాంటా బాబు మంచి మాట చెప్పాడు. ఇళయరాజా గారినే చూడు, బాలు మహేంద్ర గారి మొదటి రెండు సినిమాలకు సంగీతం సలీల్ చౌదరి, 1980లో 'మూడుపని' నుంచి చివరి సినిమా దాకా ఆయన డైరెక్ట్ చేసినవాటికి దాదాపు అన్నింటికీ రాజా గారే. అన్నీ తనే చేసిన మనిషి సంగీతం జోలికి వెళ్లలేదు.

అమ్మాయ్ కథల డబ్బా, నీ భయం నిజమే, నేను తేలిగ్గా తీసుకోను. దానికి నాకు తెలిసిన ఉపాయం ఒకటే. పొద్దున కెమెరా పెట్టెలోంచి తీయకుండా, లైట్‌మ్యాన్లని కూడా పంపించేసి, నటులతో సీను ఒక్కసారి మొత్తం నడిపించుకోవాలి. ఉత్త కళ్లతో చూడాలి. అప్పుడు వాళ్లు ఎక్కడ కూర్చుంటే మాట సహజంగా వస్తుందో తెలుస్తుంది. ఆ తర్వాతే లెన్సు. తిప్పి చేస్తే, అంటే ఫ్రేము పెట్టుకుని అందులో నటుణ్ని ఇరికిస్తే, కొల్లేరులో జరిగిందే జరుగుతుంది.

కథల డబ్బా:

ఈ ఉపాయం నాకు అప్పుడు ఎవరైనా చెప్పి ఉంటే బాగుండేది. సరే, కొంత మెత్తబడ్డాను. ముప్పై ఏళ్లు నాటకాలు వేసిన ఆవిడ అంటే మాట మీద పట్టు ఉంటుంది. కానీ నాటకం గొంతు వెనక వరుస దాకా వినపడే గొంతు, మీ కొట్టు పది అడుగులు. ఆ గొంతు తగ్గించడానికే మీకు మూడు రోజులు పడుతుంది. ఆ మూడు రోజులు షెడ్యూలులో ముందే పెట్టుకోండి. ఇంకా పెద్ద డైలాగ్ సీన్లకు మాత్రం కెమెరా ఆపరేటింగ్ ఎవరికైనా ఇవ్వండి, లైటింగ్ మీరే చేసుకోండి, ఫ్రేము మీరే పెట్టండి, టేక్ అప్పుడు మాత్రం లెన్సు కింద నేల మీద కూర్చుని ఆవిడ కళ్లలోకి చూడండి. మానిటర్ దగ్గర కూర్చోవద్దు.

హన్మకొండ ఫ్రేమ్స్:

ఆదివారం వెళ్లాను. చెప్పింది చెప్పినట్టు రాస్తున్నాను.

మధ్యాహ్నం రెండు నుంచి రాత్రి ఎనిమిది దాకా కొట్టులోనే కూర్చున్నాను, కెమెరా తీసుకెళ్లలేదు, నోటు పుస్తకం ఒకటి తీసుకెళ్లాను. నేను ఆ షట్టర్ సీనును రాత్రి తొమ్మిదికి రాసుకున్నాను, బల్బు కింద. షట్టర్ సగం దించి చూస్తే రాత్రి పూట ఏమీ లేదు, పైన ట్యూబ్‌లైటు, కింద నల్లగా రోడ్డు, అంతే. కానీ నాలుగు దాటాక పెద్దమ్మ కాసేపు నడుం వాల్చడానికి రోజూ షట్టర్ సగం దించుతుంది, ఆ సంగతి నాకు ఇన్నేళ్లుగా తెలుసు, ఎప్పుడూ పట్టించుకోలేదు. అప్పుడు ఎండ ఆ కింది సందులోంచి నేల మీదుగా పాకి బియ్యం బస్తాల దాకా, తర్వాత మెల్లగా కౌంటర్ అంచు దాకా వచ్చింది. నాలుగూ ఇరవైకి గల్లా పెట్టె మీద పడింది. పెద్దమ్మ మొహం మీద నేరుగా పడలేదు, కింద నేల మీంచి కొట్టుకుని పైకి వచ్చింది, అన్న చెప్పిన థర్మోకోల్ పని ఆ సిమెంట్ గచ్చు చేసేసింది. ఐదు కాకముందే ఎదురుగా కడుతున్న సూపర్ మార్కెట్ బిల్డింగ్ నీడ వచ్చి అంతా ఆరిపోయింది.

ఆ నీడ చూసి లేచి నిలబడ్డాను. ఆ బిల్డింగ్ వల్ల కొట్టు మూతపడుతుందని నేను నాలుగు పేజీల డైలాగులు రాశాను.

రాత్రికే ఆ నాలుగు పేజీలు తీసేసి సీనును సాయంత్రానికి మార్చాను. రోజుకు ముప్పై నిమిషాలే దొరుకుతుంది కాబట్టి ఆ ఒక్క సీనుకు నాలుగు రోజులు పెట్టుకున్నాను. దీనికి డైలాగ్ లేదు, కాబట్టి కెమెరా నేనే పట్టుకుంటాను. కొడుకుతో ఫోన్ మాట్లాడే రెండు పెద్ద సీన్లకు నాతో పెళ్లిళ్లకు ఐదేళ్లుగా వస్తున్న తమ్ముడు ఆపరేట్ చేస్తాడు, నేను అక్క చెప్పినట్టు లెన్సు కింద కూర్చుంటాను. ఫోకస్ పుల్లర్ కోసం హైదరాబాద్‌లో ఇద్దరితో మాట్లాడాను. మా స్నేహితుడు కొట్టుకు వచ్చి ఆ నీడ తన కళ్లతో చూస్తానన్నాడు, వచ్చే ఆదివారం తీసుకెళ్తున్నాను.

అన్నా, ఒక్క సందేహం. పోయిన ఆదివారానికీ మేం షూటింగ్ పెట్టుకున్న ఆషాఢానికీ ఎండ వాలు ఎంత మారుతుంది? ఆ బిల్డింగ్ ఇంకో అంతస్తు వేస్తారట, అప్పటికి నీడ నాలుగుకే వచ్చేస్తుందేమో. దీన్ని ముందే లెక్క వేసుకునే దారి ఏదైనా ఉందా?

పాత మ్యాగజైన్:

ఉంది. ఫోన్‌లో సూర్యుడి దారి చూపించే యాప్‌లు ఉన్నాయి, తేదీ మార్చితే ఆ రోజు ఎండ ఎటు నుంచి ఏ టైముకు ఎంత ఎత్తులో ఉంటుందో చూపిస్తుంది. ఆషాఢంలో పొద్దు వాయవ్యం వైపు జరిగి వాలుతుంది, కాబట్టి నీ ఎండ షట్టర్ కింద నిటారుగా రాకుండా ఏటవాలుగా వస్తుంది, గల్లా పెట్టె కొంచెం పక్కకు జరపాల్సి రావచ్చు. పొద్దు కూడా ఆలస్యంగా వాలుతుంది. కానీ అసలు చిక్కు అది కాదు, ఆషాఢం అంటే మబ్బులు. నాలుగు రోజులు సరిపోవు, ఎనిమిది పెట్టుకో. ఇంకో అంతస్తు స్లాబ్ ఎప్పుడు వేస్తున్నారో రేపే మేస్త్రీని అడుగు, వీలైతే దానికంటే ముందే, ఎండలు పోకముందే ఈ ఒక్క సీను తీసేయ్. మిగతా సినిమా తర్వాత తీసుకోవచ్చు.